ఒకే పొలం, రెండు కోర్టులు, మూడు కేసులు: మన భూముల కేసులు కోర్టులు మారిన కథ

పోస్టు పొడుగ్గానే ఉంటుంది, తీరిక ఉన్నప్పుడు చదవండి. నేను లా స్టూడెంట్‌ని కాదు, హిస్టరీ చదువుతున్నా. కోర్టు సంగతులు నాకు తెలిసింది మా పెదనాన్న కేసుల ఫైలు మోసుకుని తిరగడం వల్ల.

మా పెదనాన్నకి ఒకే రోజు రెండు కోర్టుల్లో వాయిదా పడింది. మా ఊరు ఏజెన్సీ అంచున ఉంటుంది. వాగుకి పైన ఉన్న పొలం షెడ్యూల్డ్ గ్రామంలోకి వస్తుంది. వాగు దిగితే ఉన్న పొలం మైదానం గ్రామాల్లోకి వస్తుంది, అదీ రెండు మండలాల్లో చెరో ముక్క. మాకు మాత్రం అంతా ఒకటే పొలం, ఒకే గట్టు మీద నడిచి పోతాం. ఎప్పుడో మా చిన్న తాత వేలిముద్ర వేశాడని చెబుతూ ఒక షావుకారు కుటుంబం అగ్రిమెంటు కాగితం ఒకటి బయటికి తీసింది. ఆ ఒక్క కాగితం పట్టుకుని అన్న ఒక టౌన్లో ఇంజంక్షన్ దావా వేశాడు, తమ్ముడు ఇంకో టౌన్లో ఇంకో దావా వేశాడు. వాగు పైన పొలం మీద మేం పెట్టుకున్న ఎల్టీఆర్ కేసు వేరే నడుస్తోంది. ఆ రోజు పెదనాన్న ఒక కోర్టుకి వెళ్ళాడు. రెండో కోర్టులో పేరు పిలిస్తే పలికేవాళ్ళు లేరు, మా వకీలూ రాలేదు. ఎక్స్‌పార్టీ అయిపోయింది. తర్వాత డిక్రీ కూడా వచ్చేసింది.

ఆ కాగితం చూసినప్పుడు నాకు మా క్లాసులో చదివిన 1879 గుర్తొచ్చింది.

రంప పితూరీ అంటే మనందరికీ తెలిసిన కారణాలు ముఠాదార్ల మీద మన్సబ్‌దారు పెత్తనం, కల్లు మీద వేసిన చిగురుపన్ను, పోలీసుల దౌర్జన్యం. వీటి పక్కనే ఇంకో కారణం కూడా ఆనాటి ప్రభుత్వ విచారణలోనే నమోదైంది, కానీ మనం దాని గురించి తక్కువ మాట్లాడుకుంటాం. మైదానం నుంచి వచ్చిన వర్తకులు కొండ జనంతో అన్యాయమైన ఒప్పందాలు రాయించుకునేవాళ్ళు. ఆ కాగితాలతో దావాలు వేసేవాళ్ళు. కోర్టు ఎక్కడుందో, సమన్లు అంటే ఏంటో తెలియని మనిషి అక్కడికి పోయేది లేదు. ఎక్స్‌పార్టీ డిక్రీ వచ్చేది. దాంతో పశువుల్నీ పంటనీ జప్తు చేసి తోలుకుపోయేవాళ్ళు. కొండ మనిషికి కనబడింది ఏంటంటే, సర్కారు మనిషే వచ్చి నా ఎద్దుల్ని షావుకారుకి ఇచ్చాడు. కోపం షావుకారు మీదే కాదు, సర్కారు మీద కూడా పడిందంటే ఆశ్చర్యం ఏముంది. నా ఉద్దేశంలో చిగురుపన్ను ఎంత ముఖ్యమో, దూరంగా ఉన్న కోర్టు కూడా అంతే ముఖ్యం ఆ తిరుగుబాటుకి.

ఇంకా విచిత్రం ఏంటంటే, కొండ ప్రాంతానికి మైదానం కోర్టు పనికిరాదని కంపెనీ వాళ్ళకి అంతకు నలభై ఏళ్ళ ముందే తెలుసు. 1830ల్లో పర్లాకిమిడి, పాలకొండ వైపు జమీందారీల్లో అల్లర్లు జరిగితే జార్జ్ రస్సెల్ అనే అధికారిని స్పెషల్ కమిషనర్‌గా పంపారు. ఆయన సిఫార్సుల తర్వాత వచ్చిందే 1839 నాటి 24వ చట్టం. గంజాం, విశాఖపట్నం జిల్లాల కొండ ప్రాంతాన్ని మామూలు కోర్టుల కింద నుంచి తీసేసి కలెక్టర్ చేతిలో పెట్టారు. కలెక్టర్‌కి 'ఏజెంట్' అని పేరు. మనం ఇప్పుడు 'ఏజెన్సీ' అంటున్న మాట అక్కడి నుంచి వచ్చిందే. మన మీద ప్రేమతో చేశారని అనుకోకండి. తిరుగుబాటు రాకుండా పాలించడం వాళ్ళ అవసరం. కానీ దాని వల్ల ఒక సూత్రం చట్టంలోకి వచ్చింది: ఇక్కడి భూమి తగాదా ఇక్కడే, ఈ ప్రాంతం తెలిసిన అధికారి దగ్గరే తేలాలి. 1874 షెడ్యూల్డ్ జిల్లాల చట్టం ఈ సూత్రాన్ని దేశంలో ఇలాంటి ప్రాంతాలన్నింటికీ విస్తరించింది. 1924లో ఏజెన్సీ రూల్స్ వచ్చాయి. ఏజెన్సీలో సివిల్ దావాలు వినే పని కలెక్టరు, డివిజనల్ ఆఫీసరు లాంటి రెవెన్యూ అధికారులది అయింది. ఇప్పటికీ సివిల్ ప్రొసీజర్ కోడ్ మొదటి సెక్షన్ తీసి చూడండి. తూర్పు గోదావరి, పశ్చిమ గోదావరి, విశాఖపట్నం ఏజెన్సీల పేర్లు అక్కడ రాసి ఉంటాయి, అక్కడి ప్రత్యేక రూల్స్‌కి భంగం లేకుండానే ఈ కోడ్ వర్తిస్తుందని. దేశం మొత్తానికి ఉన్న చట్టంలో మొదటి పేజీలోనే మన కొండల పేరు ఉందని నాకు ఈ మధ్య దాకా తెలియదు.

భూమి చట్టాల సంగతి మీకు తెలిసిందే కాబట్టి గబగబా చెప్పేస్తా. 1917 చట్టం ఏజెంట్ అనుమతి లేకుండా కొండ జాతి మనిషి భూమి బయటివాళ్ళకి పోకూడదంది. 1959లో ఒకటో రెగ్యులేషన్ వచ్చింది, 1963లో దాన్ని తెలంగాణ షెడ్యూల్డ్ ప్రాంతాలకి కూడా విస్తరించారు. 1970లో మనం 1/70 అని పిలిచే సవరణ వచ్చింది. ఏజెన్సీలో గిరిజనేతరుడి చేతిలో భూమి ఉంటే అది గిరిజనుడి దగ్గర నుంచి వచ్చిందనే అనుకోవాలి, కాదని రుజువు చేసుకోవాల్సింది అతనే. గిరిజనేతరులు వాళ్ళలో వాళ్ళు అమ్ముకోవడం కూడా కుదరదు. దీన్ని సవాలు చేస్తే 1988లో సుప్రీంకోర్టు చెల్లుతుందని చెప్పింది.

ఇప్పుడు అసలు విషయం. చట్టం బాగానే ఉన్నా, కేసు ఎక్కడ నడుస్తుందనేది విడిగా ఇంకో యుద్ధం.

శబరి ఒడ్డున ఉన్న ఊళ్ళ సంగతే చూడండి. రేకపల్లి ఒకప్పుడు ఒక తాలూకా పేరు, ఇప్పుడు వి.ఆర్.పురం మండలంలో ఉంది. 1860లో ఆ ప్రాంతం నిజాం నుంచి ఇంగ్లీషు వాళ్ళ చేతికి పోయి సెంట్రల్ ప్రావిన్సెస్‌లో చేరింది. 1874లో మద్రాసు వాళ్ళ గోదావరి జిల్లాలోకి వచ్చింది. 1959లో భద్రాచలం, నూగూరు తాలూకాలు తూర్పు గోదావరి నుంచి ఖమ్మం జిల్లాకి మారాయి. 2014లో పోలవరం పేరుతో భద్రాచలం టౌను తెలంగాణలో ఉండిపోయి, చుట్టూ మండలాలు ఆంధ్రాకి వచ్చాయి. 2022లో పాడేరు కేంద్రంగా అల్లూరి జిల్లా. ఊరు అంగుళం కూడా కదల్లేదు. కోర్టు కచేరీ మాత్రం ఎన్నిసార్లు మారిందో లెక్కపెట్టుకోండి. మారిన ప్రతిసారీ పాత ఫైలు ఎక్కడుందో వెతుక్కునే పని మనోళ్ళదే. రాష్ట్రాలు విడిపోయినప్పుడు ఒక ప్రాంతానికి మాత్రమే సంబంధించిన పెండింగ్ కేసులు ఆ ప్రాంతం పడిన రాష్ట్రంలోని కోర్టుకి పోతాయని చట్టంలో రాస్తారు. 'మాత్రమే' అన్న మాట దగ్గరే చిక్కు. భూమి ఆంధ్రాలో, కాగితం రాయించుకున్నవాడు భద్రాచలం టౌన్లో ఉంటే?

దీనికి సివిల్ ప్రొసీజర్ కోడ్ ఏం చెబుతుందో నాకు అర్థమైనంత వరకు రాస్తా. లా చదువుతున్న అన్నలు, అక్కలు తప్పుంటే కామెంట్లో సరిచేయండి.

సెక్షన్ 16 ప్రకారం భూమి మీద హక్కు తేల్చే దావా ఆ భూమి ఉన్న చోటి కోర్టులో వేయాలి. 1879లో లేకపోయింది ఇదే అనిపిస్తుంది నాకు. భూమి రెండు కోర్టుల హద్దుల్లో చెరికొంత ఉంటే సెక్షన్ 17 ప్రకారం ఆ రెండింట్లో ఎక్కడైనా వేయొచ్చు. మా పెదనాన్న కేసులో అన్నదమ్ములు చేసింది ఇదే, కాకపోతే ఒకే చోట వేయకుండా పొలాన్ని ముక్కలు చేసి రెండు చోట్లా వేశారు. ఇద్దరు వకీళ్ళ ఫీజు వాళ్ళకి లెక్క కాదు. మాకు రెండు బస్సులు, రెండు కూలి రోజులు.

ఇలాంటప్పుడు సెక్షన్ 24 పనికొస్తుంది. జిల్లా కోర్టు గానీ హైకోర్టు గానీ తన కింది కోర్టులో నడుస్తున్న దావాని తీసి ఇంకో కింది కోర్టుకి పంపొచ్చు. ఏ పక్షమైనా అడగొచ్చు, కోర్టు తనంతట తాను కూడా చేయొచ్చు. దావా ఏ దశలో ఉన్నా అడగొచ్చు. మా వకీలు పిటిషన్లో రాసింది చాలా సింపుల్. రెండు దావాల్లోనూ తేలాల్సిన ప్రశ్న ఒకటే, ఆ వేలిముద్ర మా చిన్న తాతదేనా కాదా. సాక్షులు ఒకటే, కాగితం ఒకటే. ఒక కోర్టు వేలిముద్ర నిజమని, ఇంకో కోర్టు దొంగదని చెబితే ఒకే పొలంలో గట్టుకి ఇటు ఒక న్యాయం, అటు ఒక న్యాయం అవుతుంది. అందుకని రెండూ ఒకే జడ్జి దగ్గర నడవాలి.

ఒక కోర్టుకి తెచ్చాక వాటిని కలిపి విచారించడం ఇంకో మెట్టు. విచిత్రంగా కేసులు ఇలా కలిపే అధికారం గురించి కోడ్‌లో నేరుగా ఒక సెక్షన్ లేదు. 2004లో సుప్రీంకోర్టు దీని మీద మాట్లాడింది. ఆ కేసు మన విశాఖ జిల్లా చిట్టివలస జూట్ మిల్లుది. ఆ మిల్లూ మధ్యప్రదేశ్‌లోని ఒక సిమెంటు కంపెనీ ఒకరి మీద ఒకరు రెండు రాష్ట్రాల్లో దావాలు వేసుకున్నారు. కోడ్‌లో ప్రత్యేకంగా రాసి లేకపోయినా సెక్షన్ 151 కింద కోర్టుకి సహజంగా ఉండే అధికారంతో దావాలు కలపొచ్చని చెప్పి, రెండూ ఒకే చోట నడిచేలా చేసింది. రాష్ట్రం దాటి దావా మార్చాలంటే సుప్రీంకోర్టే మార్చాలి, అది సెక్షన్ 25. ఒక హైకోర్టు తన కింది కేసుని ఇంకో రాష్ట్రపు కోర్టుకి పంపలేదని 2008లో సుప్రీంకోర్టు తేల్చేసింది. అంటే పైన చెప్పిన భద్రాచలం లాంటి సందర్భంలో, ఒకప్పుడు ఒకే తాలూకాలో ఉన్న ఇద్దరి మధ్య కేసు కలపడానికి ఇప్పుడు ఢిల్లీ పోవాలి. కంపెనీలకైతే అది ఒక ఫ్లైటు.

ఒక జాగ్రత్త. ట్రాన్స్‌ఫర్ అడిగే ముందు అసలు ఆ కోర్టుకి వినే హక్కు ఉందా అని అడగాలి. ఏజెన్సీ లోపలి భూమి మీద మైదానం కోర్టులో దావా పడితే వెంటనే అభ్యంతరం రాయించాలి. దావా వేయాల్సిన చోటు తప్పు అనే అభ్యంతరాన్ని మొదట్లోనే, ఇష్యూలు ఫ్రేమ్ చేయకముందే చెప్పకపోతే పై కోర్టు తర్వాత వినదని సెక్షన్ 21 అంటుంది. మనోళ్ళు ఎక్కువగా పోగొట్టుకునేది ఇక్కడే. సమన్లు వచ్చిన మొదటి నెల ఎవరికీ చూపించరు.

ఇక మా మూడో కేసు, ఎల్టీఆర్. దాన్ని కూడా ఈ రెండింటితో కలిపేస్తే పీడా పోతుందని పెదనాన్న అడిగాడు. నేనూ అదే అనుకున్నా. కుదరదట. స్పెషల్ డిప్యూటీ కలెక్టర్ జిల్లా జడ్జి కింద ఉండే సివిల్ కోర్టు కాదు, కాబట్టి సెక్షన్ 24 ఆ ఆఫీసు గుమ్మం దగ్గర ఆగిపోతుంది. ఆయన ఆర్డరు మీద అప్పీలు ఏజెంటు దగ్గరికి పోతుంది. మొదట నాకు కోపం వచ్చింది. తర్వాత ఆలోచిస్తే అది మంచికే అనిపించింది. సివిల్ కోర్టులో వేలిముద్ర దొంగదని మా తరఫున నిరూపించే బరువు చాలా వరకు మా మీదే పడుతోంది. ఎల్టీఆర్‌లో 1970 సవరణ వల్ల బరువు అవతలి వాడి మీద ఉంటుంది. అక్కడ వేలిముద్ర నిజమైనదైనా సరే, గిరిజనుడు గిరిజనేతరుడికి చేసిన అమ్మకం చెల్లదు. రెండూ కలిపేస్తే మనకున్న ఆ పట్టు పోతుంది. వాగు దిగువన ఆ పట్టు లేదు, అక్కడ పుట్టిన మనిషీ మనవాడే అయినా.

అందుకే కేసులు కలపడం మంచిదా చెడ్డదా అని ఒక్క మాటలో చెప్పలేం. మన చరిత్రలోనే రెండు రకాలూ ఉన్నాయి.

సమత కేసు మీ అందరికీ తెలుసు. అనంతగిరి మండలం బొర్రా చుట్టుపక్కల ఊళ్ళలో ప్రైవేటు కంపెనీలకి మైనింగ్ లీజులు ఇచ్చారు. ప్రభుత్వం తన భూమిని లీజుకి ఇస్తే 1/70 అడ్డమా కాదా అన్నది ప్రశ్న. చాలామందికి గుర్తుండనిది ఏంటంటే, ఇదే ప్రశ్న మీద మన హైకోర్టులోనే రెండు బెంచీలు రెండు రకాలుగా చెప్పాయి. హైదరాబాద్ అబ్రేసివ్స్ అనే కంపెనీ కేసులో ఒక బెంచి ప్రభుత్వానికి కూడా నిషేధం వర్తిస్తుందంది. 1995లో సమత వేసిన కేసులో ఇంకో బెంచి వర్తించదని కొట్టేసింది. రెండూ విడివిడిగా ఉండిపోతే ఏ అధికారి అయినా తనకి అనుకూలమైన తీర్పు జేబులో పెట్టుకుని తిరిగేవాడు. సుప్రీంకోర్టులో రెండు అప్పీళ్ళనీ కలిపి విన్నారు. 1997 జూలై 11న తీర్పు వచ్చింది. ముగ్గురు జడ్జీల్లో ఇద్దరు, ప్రభుత్వం కూడా ఆ చట్టం దృష్టిలో ఒక 'వ్యక్తే', షెడ్యూల్డ్ ప్రాంతంలో గిరిజనేతరులకి లీజు ఇవ్వకూడదు అన్నారు. మూడో జడ్జి ఒప్పుకోలేదు. ఒక జడ్జి అటు మొగ్గితే మన కొండలు ఏమయ్యేవో. ఇక్కడ కలపడం మనకి కలిసొచ్చింది. ఎందుకంటే వాదించడానికి మన తరఫు వాళ్ళు ఆ గదిలో ఉన్నారు.

అటవీ హక్కుల చట్టం విషయంలో అట్లా జరగలేదు. 2006 చట్టాన్ని సవాలు చేస్తూ వన్యప్రాణి సంస్థలూ ఇంకొందరూ 2008 నుంచి సుప్రీంకోర్టులోనూ వేర్వేరు హైకోర్టుల్లోనూ కేసులు వేశారు. హైకోర్టుల్లోని కేసులు కూడా సుప్రీంకోర్టుకే చేరాయి. ఒకే ప్రశ్న మీద అనేక హైకోర్టుల్లో కేసులుంటే తన దగ్గరికి తెచ్చుకునే అధికారం రాజ్యాంగం 139ఎ అధికరణం కింద ఆ కోర్టుకి ఉంది. కాగితం మీద చూస్తే ఇదీ మా పెదనాన్న పిటిషన్ లాంటిదే, ప్రశ్న ఒకటే కాబట్టి ఒకే చోట. కానీ పోడు క్లెయిమ్ పెట్టుకున్న లక్షల మంది ఆ గదిలో లేరు. 2019 ఫిబ్రవరి 13న క్లెయిములు తిరస్కరించిన వాళ్ళని ఖాళీ చేయించమని ఆర్డర్ వచ్చింది. పదకొండు లక్షలకు పైగా కుటుంబాల మెడ మీద కత్తి అది. కేంద్రం తరఫున గట్టిగా వాదించలేదని చాలా విమర్శలొచ్చాయి. దేశమంతా గొడవైతే ఫిబ్రవరి 28న ఆ ఆర్డర్‌ని ఆపారు. పదిహేను రోజులు. ఆ పదిహేను రోజులు మా హాస్టల్లో ఎవరికీ సరిగ్గా నిద్రలేదు, క్లెయిమ్ తిరస్కరించిన కాగితం ఇంట్లో ఉన్నవాళ్ళే సగం మంది.

మళ్ళీ మా కేసుకి వస్తా. ఎక్స్‌పార్టీ డిక్రీ రద్దు చేయమని ముప్పై రోజుల లోపే పిటిషన్ పడింది, ఆర్డర్ 9 రూల్ 13 కింద. ఖర్చులు కట్టమన్నారు, మేకల్ని అమ్మి కట్టాం. డిక్రీ పోయింది. ఆ తర్వాత సెక్షన్ 24 పిటిషన్ మీద జిల్లా కోర్టులో నాలుగు వాయిదాలు నడిచాయి. అవతలి వకీలు రెండు దావాల్లో సర్వే నంబర్లు వేరు, వాదులు వేరు అన్నాడు. జడ్జి గారు రెండు ఫైళ్ళూ పక్కపక్కన పెట్టించుకుని, అగ్రిమెంటు జిరాక్సు రెండింట్లోనూ ఒకటే కదా అన్నారట. ఆ మాట పెదనాన్న ఇంటికొచ్చి కనీసం పదిసార్లు చెప్పి ఉంటాడు. రెండో దావా మొదటి కోర్టుకి మారింది. అప్పటి నుంచి ఒకే రోజు ఒకే వాయిదా. ఉచితంగా వకీలుని పెట్టించుకునే హక్కు ఎస్టీలకి 1987 చట్టం కింద ఉందని మాకు అప్పటికి తెలియదు. తెలిసుంటే మేకలు మిగిలేవేమో.

వేలిముద్ర నిపుణుడి దగ్గరికి పోయింది, రిపోర్టు ఇంకా రాలేదు. ఎల్టీఆర్ అప్పీలు ఏజెంటు దగ్గర ఉంది. వచ్చే వాయిదాకి నేనే తోడు వెళ్తున్నా.

మీ ఇళ్ళలో ఒకటి కంటే ఎక్కువ కేసులు నడుస్తుంటే ఈ సెలవుల్లో ఒక పని చేయండి. ఒక తెల్ల కాగితం మీద ప్రతి కేసు నెంబరు, ఏ కోర్టు లేదా ఆఫీసు, వాది ఎవరు, ప్రతివాది ఎవరు, సర్వే నెంబరు, వచ్చే వాయిదా రాయండి. మా ఇంట్లో ఆ కాగితం రాసిన రోజే రెండు వాయిదాలు ఒకే తేదీన ఉన్నాయని కనబడింది. అప్పటికే ఆ తేదీ దాటి తొమ్మిది రోజులైంది.